ఒక్క స్క్రూ మీద నిలబడ్డ పేరు

జూన్ 4

అత్తా,

ఈ ఉత్తరం చేరేలోపే నాన్న ఫోన్లో అరిచి నీకు చెప్పేసి ఉంటాడు. నీకు అందులో సగమే వినపడి ఉంటుంది. మిగతా సగం నేను రాస్తున్నాను. అవును, మళ్లీ ఉద్యోగం మారాను. ఏడాదిలో ఇది మూడోది. "అది బొంగరం, ఒకచోట నిలబడిందంటే పడిపోయినట్టే లెక్క" అన్నాడట మీ తమ్ముడు. నేను బాధపడలేదు. బొంగరం తిరుగుతున్నంతసేపూ నిటారుగానే ఉంటుంది కదా.

ఇప్పుడు చేరింది ఫ్లాట్లు కట్టి అమ్మే కంపెనీ. కట్టడం ఇంకా స్తంభాల దగ్గరే ఉంది. కింద మాత్రం ఒక నమూనా ఇల్లు తయారుచేసి పెట్టారు. వచ్చినవాళ్లకి దాన్ని తిప్పి చూపించడం నా పని. మొదటివారం అంతా నేనే నోరు తెరుచుకుని చూశాను. మంచం మామూలు మంచం కాదత్తా, ఐదడుగులే. గది పెద్దగా కనపడాలని కొలిచి మరీ చేయించారు. గదులకి తలుపులు బిగించలేదు, అదీ అందుకే. ఫ్రిజ్ తెరిస్తే లైటు వెలుగుతుంది గానీ చల్లబడదు. కుళాయిలు తళతళలాడుతుంటాయి, తిప్పితే నీళ్లు రావు. అయినా వచ్చిన ప్రతి మగాడూ వాటిని తిప్పి చూసి, సంతృప్తిగా తల ఊపి వెళ్తాడు.

నేను నేర్చుకున్న మొదటి పాఠం ఏమిటంటే ధర చెప్పకూడదు. "నెలకి ఇంతే" అని చెప్పాలి. "మీరిప్పుడు కట్టే అద్దె కంటే కాస్త ఎక్కువ, అంతే కదండీ" అనాలి. బాగానే అంటున్నాను. ఎంత బాగా అన్నానంటే, నాకు నేనే అమ్ముడుపోయాను. ఆరో అంతస్తులో ఒంటి పడకగది ఫ్లాటు ఒకటి బుక్ చేశాను, ఉద్యోగులకిచ్చే తగ్గింపులో. ప్రస్తుతం అక్కడ ఆకాశం ఉంది. పాతికేళ్ల అప్పు.

నాన్నకి ఇంకా చెప్పలేదు. నీకే ముందు చెప్తున్నాను, ఎందుకంటే ఈ ధైర్యం నీ దగ్గర్నుంచి వచ్చిందే. కాలేజీ మూడేళ్లూ నీ ముందుగదిలో పడుకుని, ఇది మా అత్త ఒక్కతే కట్టుకున్న ఇల్లు అని స్నేహితురాళ్ల దగ్గర ఎన్ని కోతలు కోశానో నీకు తెలియదు. అన్నట్టు, వీధి తలుపు పక్కన రెండు స్క్రూ రంధ్రాలు అలాగే ఉన్నాయా? పేరు బోర్డు ఎప్పుడు పెడతావు?

నీ బొంగరం

*

జూన్ 15

ఏమే బొంగరం,

మీ నాన్న అరిచింది నిజమే. "ఫ్లాట్లు" అన్నది నాకు "ప్లేట్లు" అని వినపడి, సామాన్ల కొట్లో చేరావేమో అనుకున్నాను. నీ ఉత్తరం వచ్చాక గానీ ప్రాణం కుదుటపడలేదు. అందుకే చెప్తుంటాను, ఉత్తరమే రాయమని. ఇరవై రెండేళ్లు ఆస్పత్రి లాండ్రీలో, దుప్పట్లు ఇస్త్రీ చేసే ఆవిరి రోలరు మోత పక్కన నిలబడ్డ చెవులివి. ఫోన్లో నువ్వెంత అరిచినా మీ పక్కింటివాళ్లకి తెలుస్తుంది గానీ నాకు తెలియదు.

ఇల్లు బుక్ చేశావా. నీ ఉత్తరం లాండ్రీకి తీసుకెళ్లి, దుప్పట్లు మడతపెట్టే బల్ల దగ్గర అందరికీ చదివి వినిపించాను. "అత్తకి తగ్గ కోడలు" అన్నారు. నేనేం కాదనలేదు.

విను. ఇంటి అప్పు విషయంలో నేను నీకు చెప్పగలిగింది ఒక్కటే. వాయిదా గడువు వచ్చేదాకా ఆగకు. మా నాన్న, అంటే మీ తాత, బతికినంతకాలం అద్దె ఇళ్లలోనే బతికాడు. పక్క వాటాల్లో ఒకటో తారీకున ఓనరు తలుపు కొట్టేవాడు. ఆ చప్పుడుకి ఆడవాళ్లు వంటింట్లోకి, మగవాళ్లు పెరట్లోకి వెళ్లేవాళ్లు. మా తలుపు మాత్రం ఎప్పుడూ కొట్టలేదు. ఇరవై ఐదో తారీకుకే మా నాన్న చొక్కా వేసుకుని, తల దువ్వుకుని, వెళ్లి ఇచ్చి వచ్చేవాడు. మన ఇంట్లో అడిగించుకుని ఇచ్చినవాళ్లు లేరు.

నేనూ అంతే. ఎప్పుడు చూసినా బ్యాంకులో ఆరు వాయిదాలు ముందే వేసి ఉంచుతాను. నేను మంచాన పడ్డా ఆరు నెలలు నన్నెవడూ ఏమీ అనలేడు. ఇంకో గొప్ప కూడా చెప్పనీ. నా వాయిదా పదివేలకి నూట యాభైమూడు తక్కువ. పదిహేనేళ్ల అప్పులో ఇప్పటికి పద్నాలుగేళ్లు దాటాయి, ఆ అంకె ఒక్క పైసా కదల్లేదు. మధ్యలో వడ్డీ పెరిగిందని ఊరంతా గోలపెట్టింది. నా ఫోనుకి మాత్రం "మీ నెలవారీ వాయిదాలో మార్పు లేదు" అని వచ్చింది. మర్యాదగా కట్టేవాళ్ల జోలికి బ్యాంకువాళ్లు రారు.

అక్టోబరు వాయిదాతో సరి. ఆ నెలాఖరుకి ఉద్యోగం మానేస్తున్నానని సూపర్వైజరుకి కాగితం ఇచ్చేశాను. ఎందుకంటావా, మోకాళ్లు నావి కావిక. మెట్లెక్కుతుంటే అవి నాకంటే ముందు మూలుగుతున్నాయి. లాండ్రీ వాళ్లు చందాలు వేసుకుని నాకేదో కొంటున్నారట, నాకు తెలియదనుకుంటున్నారు. వాళ్లు గుసగుసలాడుకోవడం నాకు వినపడదు నిజమే, కానీ ఇన్నేళ్లు చెవులు లేకుండా బతికిన దాన్ని, మొహాలు చదవలేనా?

పేరు బోర్డు చేయించాను. ఇత్తడిది. ఆస్పత్రివాళ్లు రద్దుచేసిన దిండు గలీబులో చుట్టి మంచం కింద పెట్టాను. అప్పు తీరిన రోజున బిగిస్తాను. అంతవరకూ ఆ గోడ సగం బ్యాంకుది, దానిమీద నా పేరు ఎందుకు?

మీ అత్త

*

జూన్ 27

అత్తా,

నీ ఉత్తరం నాలుగుసార్లు చదివాను. మొదటి మూడుసార్లు గర్వంగా. నాలుగోసారి ఎందుకో చెప్తాను.

నిన్న ఒక జంట వచ్చింది. ఆయన అలవాటు ప్రకారం కుళాయిలు తిప్పుతున్నాడు. ఆవిడ మందుల దుకాణం నడుపుతుందట. ఆ ఐదడుగుల మంచం మీద కూర్చుని, కాళ్లు చాపి, బయటికి వేలాడుతున్న మడమలు చూసుకుంటూ ఉంది. మా అప్పుల విభాగం ఆయన, మేం క్యాలికులేటర్ సార్ అంటాం, ధోరణిలో ఉన్నాడు. "రేపు వడ్డీ రేటు పెరిగినా మీకేం భయం లేదండీ. మీ నెల వాయిదా మారదు."

ఆవిడ మడమల మీంచి చూపు తిప్పకుండానే అడిగింది. "మరి మారేదేమిటి?"

క్యాలికులేటర్ సార్ మంచినీళ్లు తాగాడు. ఆయన ఆ నమూనా ఇంట్లో మంచినీళ్లు అడగడం నేను మొదటిసారి చూశాను. "కాలం కొంచెం అటూ ఇటూ అవుతుందండీ" అని సర్ది, వాళ్లని బాల్కనీ చూపించడానికి తీసుకుపోయాడు. ఆ బాల్కనీకి అవతల గోడే ఉంది, దానిమీద అతికించిన కొండ బొమ్మ.

రాత్రంతా ఆ మాటే. అత్తా, కొన్ని అడుగుతాను, ఏమీ అనుకోకు. నువ్వు ఇప్పటివరకూ మొత్తం ఎంత కట్టావు? ఇంకా అసలు ఎంత మిగిలింది? వడ్డీ మొదట ఎంత, తర్వాత ఎంతకి వెళ్లింది? ఆ ఆరు వాయిదాల డబ్బు ఏ ఖాతాలో ఉంది? నీ చేతిలో ఇప్పుడు దాచుకున్నది ఎంత?

తొందరగా రాయి.

బొంగరం

*

జూలై 8

ఏమే,

కావలసింది సూటిగా అడగొచ్చు కదే. మీ నాన్న మోటారుసైకిలు కొనుక్కునే ముందు సరిగ్గా ఇలాగే వచ్చాడు. "అక్కా, జీతం ఎంత వస్తుంది, ఖర్చులెంత, మిగిలేదెంత" అని బుద్ధిమంతుడిలా అడిగాడు. నేనూ పెద్దదాన్ని, అక్కని కదా అని పొంగిపోయి అన్నీ చెప్పాను. మర్నాటికి బండి వాకిట్లో ఉంది. ఆ గొంతు నాకు తెలుసు. ఉత్తరంలో అయినా వినపడుతుంది.

బుకింగుకి తక్కువ పడినట్టుంది నీకు. నలభైవేలు నీ ఖాతాలో వేశాను. మానేశాక ఏవైనా కొనుక్కుందామని దాచినవి. నాకేం కొనుక్కోవాలని ఉంటుంది, అన్నీ ఉన్నాయి. నీ ఇంట్లో గుమ్మం నాదనుకో.

నీ మిగతా ప్రశ్నలకి నాకు సమాధానాలు ఎందుకు? అక్టోబరుకి సున్నా, అదీ లెక్క. వడ్డీ మొదట్లో ఎనిమిదిన్నర ఉండేది. రెండేళ్లకే పదకొండుకి పోయింది, అక్కడే ఉంది. నా వాయిదా కదలనప్పుడు అది ఎక్కడుంటే నాకేమిటి?

మొన్న మన లాండ్రీలో పెద్ద మోటారు ఆగిపోయింది. ఒక పూట నిశ్శబ్దం. అందరూ మాట్లాడుకోవడం మర్చిపోయి ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు. నాకు మాత్రం ఏ తేడా తెలియలేదు. అది తలుచుకుని ఇప్పటికీ నవ్వుకుంటున్నాను.

అత్త

*

జూలై 16

అత్తా,

నలభైవేలూ వెనక్కి వేశాను. నాకొద్దు. నిన్ను డబ్బు అడగలేదు, అడగను. అవి నీకే కావలసి వస్తాయి.

ఉద్యోగం మానేస్తానని ఇచ్చిన కాగితం వెంటనే వెనక్కి తీసుకో. అక్టోబరులో మానొద్దు. నీ అప్పు అక్టోబరుకి తీరదు. లెక్క తీరిగ్గా రాస్తాను, ఇక్కడ నెలాఖరు టార్గెట్లతో ఊపిరాడటం లేదు. ముందు కాగితం సంగతి చూడు.

బొం.

*

జూలై 25

మేనకోడలు గారికి,

తమరి ఉత్తరం అందినది. డబ్బు కూడా అందినది. ఇచ్చినది తిరిగి ముఖాన కొట్టించుకోవడం నాకు కొత్త.

నా అప్పు తీరదని చెప్పడానికి తమరికి ఐదు వాక్యాలు చాలాయి. నాకు తీర్చడానికి పదిహేనేళ్లు పట్టింది. ఆ పదిహేనేళ్లలో ఒక్కరోజు ఆలస్యం చూపించండి, కాగితం వెనక్కి తీసుకుంటాను. నేను మంచాన పడితే ఎవరు చూసుకోవాలో అన్న బెంగ ఉంటే అది కూడా వద్దు. ఎవరి మీదా పడను. నిలబడి పనిచేసే ఒళ్లు ఇది, ఇంకో నాలుగేళ్లు చాకిరీ చేయించుకుందామని మీ నాన్నా నువ్వూ కూడబలుక్కున్నారేమో నాకు తెలియదు.

గది పెద్దదని చూపించడానికి మంచం చిన్నది చేస్తారని రాశావు. మరి నా ఇల్లు చిన్నదని చూపించడానికి ఏ మంచం తెచ్చావు?

ఇట్లు,
ఇంటి యజమానురాలు

*

ఆగస్టు 2

అత్తా,

తిట్టు, పడతాను. "గారు" మాత్రం వద్దు. అది చదివి అన్నం తినబుద్ధి కాలేదు. నాన్నకి ఏమీ తెలియదు, మన ఇద్దరి మధ్యే ఉంది. ఆరోజు నేను రాసింది ఉత్తరం కాదు, ఆఫీసు మెమో. ఇప్పుడు రాస్తున్నది కుదురుగా కూర్చుని రాస్తున్నాను. పూర్తిగా చదివి అప్పుడు చించెయ్యి.

నీ లాండ్రీలోనే చెప్తాను. నీ ముందు మాసిన దుప్పట్ల కుప్ప ఉందనుకో. అదే నీ అసలు. నువ్వు నెలకి వంద ఉతుకుతావు, అదే నీ వాయిదా. కానీ ఆ కుప్ప ఊరికే ఉండదు. అది ఎంత పెద్దదైతే పైవార్డుల నుంచి అంతకి తగ్గట్టు కొత్తవి వచ్చి పడుతుంటాయి, అదే వడ్డీ. మొదట్లో నెలకి డెబ్బై రెండు వచ్చి పడేవి. నువ్వు వంద ఉతికితే కుప్ప తగ్గింది ఇరవై ఎనిమిదే. అయినా ఫరవాలేదు, అలా తగ్గుతూ తగ్గుతూ పదిహేనేళ్లకి నేల కనపడుతుందని లెక్కవేసి నీకు వంద అని చెప్పారు.

రెండేళ్లకి వడ్డీ పదకొండైంది. అప్పుడు వచ్చి పడేవి ఎనభై ఆరు. నిన్ను ఎవరూ ఎక్కువ ఉతకమనలేదు. "మీ వంద వందే అమ్మా" అన్నారు. నువ్వు సంతోషించావు. కానీ ఇప్పుడు వందకి తగ్గేది పద్నాలుగే. అంకెల్లో కావాలంటే, నువ్వు పదివేలు కట్టిన నెలలో నీ అప్పు తగ్గింది పదమూడొందల చిల్లర. మందుల దుకాణం ఆవిడ అడిగింది ఇదే అత్తా. వాయిదా మారకపోతే మారేది గడువు. నేను వేసిన లెక్కలో అక్టోబరు తర్వాత కూడా నీకు ఐదేళ్లు ఉంది.

ఇక ఆ ఆరు వాయిదాలు. తాత ఓనరుకి ముందే ఇస్తే ఓనరు తలుపు కొట్టడు, ఆ డబ్బుకి అక్కడితో పని అయిపోయింది. బ్యాంకుకి ముందే ఇస్తే అది నీ పొదుపు ఖాతాలో కూర్చుని తన నెల వచ్చేదాకా ఎదురుచూస్తుంది. ఉతికిన దుప్పట్లు ఆరు కట్టలు బీరువాలో పెట్టి తాళం వేసినట్టు. కుప్ప తగ్గలేదు. అదే డబ్బు "అసలులో వేసుకోండి" అని నువ్వు చెప్పి ఉంటే తగ్గేది. చెప్పాలని నీకు ఎవరూ చెప్పలేదు.

నీ వాయిదాని బట్టి వెనక్కి లెక్కేస్తే నువ్వు తీసుకున్నది పది లక్షలు. ఇలాగే వదిలేస్తే కట్టేది దాదాపు ఇరవై నాలుగు లక్షలు. నీ ఇల్లు చిన్నదని నేను అనలేదు. దానికి నువ్వు ఎంత ఇస్తున్నావో నీకు చెప్పకుండా దాచారని అన్నాను.

నా లెక్క తప్పు అయితే నాకంటే సంతోషించేవాళ్లు ఉండరు. ఒక్కసారి బ్యాంకుకి వెళ్లి ఒకే ఒక్క ప్రశ్న అడుగు: ఈరోజు మొత్తం తీర్చేయాలంటే ఎంత? అంతే.

నా ఫ్లాటు రద్దు చేసుకున్నాను. పాతికేళ్లకి నేనెంత కట్టాలో వేసి చూసుకుంటే ఆరో అంతస్తు ఆకాశమే బాగుందనిపించింది. బుకింగు డబ్బులో సగం ఇచ్చారు, సగం ఉంచుకున్నారు. ఈ పాఠానికి నేను కట్టిన ఫీజు అది.

నీ ముందుగది పిల్ల

*

సెప్టెంబరు 10

అత్తా,

నెలదాటింది. నాన్నకి ఫోన్ చేస్తే నువ్వు బాగానే ఉన్నావన్నాడు, గోధుమరంగు పెయింటు ధర అడిగావన్నాడు. అంటే తలుపుకి రంగు వేయిస్తున్నావన్నమాట, అక్టోబరు పండగకి.

ఇంకేమీ అడగను. బతికే ఉన్నానని ఒక్క ముక్క రాయి, తిడుతూ అయినా సరే.

బొంగరం

*

అక్టోబరు 3

ఏమే బొంగరం,

బతికే ఉన్నాను.

నీ ఉత్తరం చించలేదు. చించుదామని రెండుసార్లు పట్టుకున్నాను. రెండుసార్లూ ఆ దుప్పట్ల కుప్ప అడ్డం వచ్చింది. అబద్ధం అయితే నాకు కోపం వచ్చి ఊరుకునేది. ఇది కోపం దగ్గర ఆగలేదు. పని దగ్గర మాసిన బట్టల బండి లోపలికి వస్తే చాలు, నాకు ఎనభై ఆరు అని వినపడేది. నాకు వినపడటమే వింత.

సోమవారం సెలవు పెట్టి వెళ్లాను. మంచి చీర కట్టుకున్నాను. మా నాన్న తల దువ్వుకుని వెళ్లేవాడు కదా. గాజు గదిలో నీ వయసు అమ్మాయి ఉంది, పిచ్చుక గొంతు. నీ ప్రశ్నే అడిగాను. ఏదో చెప్పింది. "నాకు చెముడమ్మా, గట్టిగా" అన్నాను. మళ్లీ చెప్పింది. "ఇంకా గట్టిగా" అన్నాను. చివరికి ఆ పిల్ల లేచి నిలబడి, మెడ నరాలు ఉబ్బేలా, "నాలుగు లక్షల డెబ్బై రెండు వేలండీ, ఇంకా ఐదేళ్ల మూడు నెలలండీ" అని అరిచింది. బ్యాంకు మొత్తం విన్నది. అద్దె ఓనరు తలుపు కొడితే పక్క వాటాలవాళ్లకి వినపడినట్టే. మన ఇంట్లో అడిగించుకున్నవాళ్లు లేరని నీకు రాసిన దాన్ని, వరసలో నిలబడ్డ ముప్పైమంది ముందు తల వంచుకున్నాను.

ఫోను తీసి, ఇన్నేళ్లూ చెరపకుండా దాచుకున్న ఆ మెసేజీ చూపించాను. మార్పు లేదని మీరే పంపారు కదా అన్నాను. ఆ పిల్ల దాన్ని వేలితో కొంచెం పైకి జరిపింది. కింద ఇంకో వాక్యం ఉంది. "కాలవ్యవధి తదనుగుణంగా సవరించబడినది." తదనుగుణంగా అనే మాటకి ఐదేళ్లు పడుతుందని నాకెవరు చెప్పాలే? మొదటి వాక్యం దగ్గరే మురిసిపోయి ఫోను మూసేశాను. మార్పు లేదన్నది నాకిచ్చిన బిరుదు అనుకున్నాను.

ఒక సంగతి మాత్రం జరిగింది. నేను బయటికి వస్తుంటే నా వెనక నిలబడ్డాయన గాజు గదిలోకి వెళ్లి అడిగాడు. ఏమడిగాడో నాకు వినపడలేదు గానీ పెదవులు చదివాను. ఈరోజు మొత్తం తీర్చేయాలంటే ఎంత, అని. ఆయన వెనకావిడ కూడా తన సంచి సర్దుకుంటూ ముందుకి జరిగింది.

ఇప్పుడు నా బాధ డబ్బు గురించి కాదే. నలభైవేలు వెనక్కి పంపినందుకు నీమీద కోపం కూడా పోయింది. లాండ్రీ వాళ్లు నాకు కుర్చీ కొన్నారు. చేతులున్న, మెత్త ఉన్న పెద్ద కుర్చీ. ఈ నెల ముప్పై ఒకటిన ఇస్తారు. బట్టలు తెచ్చే ముసలాయన కూడా చందా వేశాడట. వాళ్ల ముందు నిలబడి నాకు అప్పు తీరలేదు, నేను పోవడం లేదు అని ఎలా చెప్పను? కాగితం వెనక్కి తీసుకోవడం నాకు చేతకావడం లేదు. బోర్డు మంచం కింద ఉంది. నిన్న తీసి తుడిచి మళ్లీ పెట్టాను.

అత్త

*

అక్టోబరు 12

అత్తా,

ముందు పనికొచ్చే మాటలు, తర్వాత మిగతావి.

ఒకటి, ఆ ఆరు వాయిదాల డబ్బూ అసలులో వేయమని రాతపూర్వకంగా ఇవ్వు. నీ నలభైవేలు కూడా అందులోనే. రెండు, మా ఆఫీసుకి వచ్చే కొత్తవాళ్లకి ఎనిమిదీ ముప్పావుకి అప్పు ఇస్తున్నారు, నీ బ్యాంకే. పదిహేనేళ్లుగా ఒక్కరోజు ఆలస్యం చేయని నువ్వు పదకొండు కడుతున్నావు. పాతవాళ్లకి అడిగితేగానీ తగ్గించరు. కొద్దిగా రుసుము తీసుకుంటారు, ఫరవాలేదు. "తగ్గించకపోతే అప్పు ఇంకో బ్యాంకుకి మార్చుకుంటాను" అను. అనేటప్పుడు నాకు జూలైలో రాసిన ఉత్తరంలోని గొంతు వాడు. తట్టుకోలేరు.

మూడు, నెలకి పద్నాలుగు వేలు కట్టగలిగితే ముప్పై నెలల్లో నేల కనపడుతుంది. ఆ పైన నాలుగు వేలూ ఎక్కడ్నుంచి అంటావా, నేను పంపుతాను అంటే మళ్లీ "గారు" అంటావు. కాబట్టి అనను. ఆలోచించు.

కుర్చీ సంగతి నాకు తెలియదు. నేను చెప్పగలిగింది ఒకటే. నువ్వు బ్యాంకులో తల వంచుకున్నావని రాశావు. నాకు మాత్రం ఆ సీను వేరేలా కనపడుతోంది. ఒక ఆడది మంచి చీర కట్టుకుని వెళ్లి, ఇన్నేళ్లుగా చిన్న అక్షరాల్లో దాక్కున్న మాటని ముప్పైమందికి వినపడేలా బ్యాంకు చేతే అరిపించింది. మా సేల్స్ ఆఫీసులో ఇంతమంది చదువుకున్నవాళ్లం ఉన్నాం, ఆ అంకెని ఒక్కరోజు పైకి అనలేదు.

ఇప్పుడు అంటున్నాను. ఎవరైనా "మొత్తం ఎంత" అని అడిగితే చెప్తున్నాను, అడగకపోతే అడిగేదాకా మంచం మీద కూర్చోబెడుతున్నాను. పెద్దసారు పిలిచి, "మొత్తం చెప్తే కొనేదెవరమ్మా" అన్నాడు. మందుల దుకాణం ఆవిడ కొన్నది. మూడో అంతస్తులో చిన్న ఫ్లాటు, పదేళ్ల గడువు, నా ముందే కూర్చుని లెక్క వేసుకుని మరీ. పెద్దసారు గొణుక్కుంటూ వెళ్లిపోయాడు. మానేస్తానేమోనని నాన్న ఎదురుచూస్తున్నాడు. మానను. తిరగడానికి ఈ చోటు బాగుంది.

నీ బొంగరం

*

నవంబరు 9

ఏమే బొంగరం,

ఈ ఉత్తరం కుర్చీలో కూర్చుని రాస్తున్నాను. లాండ్రీలో.

ముప్పై ఒకటో తారీకున టీ, మిఠాయి, దండ, అన్నీ అయ్యాయి. సూపర్వైజరు నా గురించి చాలాసేపు మాట్లాడాడు. ఏం మాట్లాడాడో తెలియదు, అందరూ కళ్లు తుడుచుకున్నారు కాబట్టి నేనూ తుడుచుకున్నాను. తర్వాత నన్ను మాట్లాడమన్నారు. ఆ కుర్చీ పక్కన నిలబడ్డాను. బాగుందని చెప్పి కూర్చుని వెళ్లిపోదామనే అనుకున్నానే, ప్రమాణం. కానీ ముందు వరసలో రోలరు దగ్గర పిల్ల కనపడింది. దానికి పోయిన నెలే ఇల్లు వచ్చింది, ఇరవై ఏళ్ల అప్పు, అందరికీ చెప్పుకుని మురిసిపోతోంది. "అక్కా, వాయిదా మారదట" అని నాతోనే అన్నది.

అంతే, మొత్తం చెప్పేశాను. పది లక్షలు తీసుకున్నానని, ఇంకా నాలుగు లక్షల డెబ్బై రెండు వేలు ఉందని, పిచ్చుక గొంతు పిల్ల ఎలా అరిచిందో అలాగే అరిచి చెప్పాను. నా గొంతు నాకు తెలియదు కదా, కిటికీలు అదిరాయట. నీ దుప్పట్ల కుప్ప కూడా చెప్పాను. లెక్క వాళ్లకి నాకంటే తొందరగా అర్థమైంది. రోజూ వచ్చిపడే మాసిన బట్టల బండిని చూసేవాళ్లే కదా. చివరికి, "అందుకని ఈ కుర్చీ ఇంటికి తీసుకెళ్లను, సోమవారం ఇక్కడే వేసుకుని కూర్చుంటాను, అభ్యంతరం ఉన్నవాళ్లు చందా వెనక్కి అడగండి" అన్నాను. ఎవరూ అడగలేదు. బట్టలు తెచ్చే ముసలాయన ఒక్కడు, "నా చందా వెనక్కి వద్దు గానీ మధ్యాహ్నం కాసేపు నన్ను కూర్చోనివ్వు" అన్నాడట.

సూపర్వైజరు నా కాగితం చించేశాడు. రోలరు దగ్గర కాదు, చిరుగులు చూసి వేరుచేసే బల్ల దగ్గర, ఒంటిపూట. జీతం తగ్గింది. మోకాళ్లు మూలగడం మానేశాయి.

బ్యాంకులో నువ్వు చెప్పినట్టే మాట్లాడాను. జూలై గొంతు అవసరం రాలేదు. ఆ పిల్ల నన్ను చూడగానే లేచి నిలబడి గొంతు సవరించుకుంది. ఎనిమిదీ ముప్పావు చేశారు. ఆరు వాయిదాలూ, నలభైవేలూ అసలులో వేసుకున్నారు. కొత్త కాగితం మీద కింది వాక్యం ముందు చదివి, పై వాక్యం తర్వాత చదివాను. ముప్పై నెలలు.

పైన నాలుగు వేలూ నీ ముందుగది ఇస్తోంది. ఆస్పత్రి నర్సులు ఇద్దరు అద్దెకి వచ్చారు. బుద్ధిమంతులు. మొదటి నెలే మూడు నెలల అద్దె ముందే తెచ్చి చేతిలో పెట్టబోయారు. వద్దన్నాను. "తేదీకి ఇవ్వండి చాలు. ముందిచ్చే డబ్బేదైనా ఉంటే మీ చదువు అప్పుల్లో కట్టండి, అసలులో వేసుకోమని చెప్పి మరీ కట్టండి" అన్నాను. మా నాన్న వింటే ఏమనేవాడో. ఒకటో తారీకున వాళ్ల తలుపు నేను కొట్టను. కొట్టేదాన్ని అయినా వాళ్లు పలికింది నాకు వినపడదు కదా.

ఇక బోర్డు. తలుపు రంగు ఆరాక మంచం కిందనుంచి తీశాను. చాలాసేపు చేత్తో పట్టుకుని నిలబడ్డాను. ముప్పై నెలలు ఆగాలా? ఈ గోడకి నేనిచ్చినంత ఏ ఓనరు ఏ గోడకి ఇచ్చి ఉంటాడు? అలాగని తీరకుండానే తీరిందని అబద్ధం చెప్పనా? అందుకని ఎడమవైపు స్క్రూ బిగించాను. కుడివైపుది బిగించలేదు. అది ఒక చిన్న డబ్బాలో ఉంది, ముప్పై నెలల తర్వాత నువ్వొచ్చి బిగించు.

బోర్డు ఒక పక్కకి ఒరిగి వేలాడుతోంది. వచ్చినవాళ్లందరూ గుమ్మంలోనే ఆగి, మెడ వంచి నా పేరు చదివి, "వంకరగా ఉందండీ, ఒక స్క్రూ పోయినట్టుంది" అంటున్నారు. పోలేదు, ఉంది అంటాను. కూర్చోబెట్టి టీ ఇస్తాను. అప్పుడు ఈ ఇంటికి మొత్తం ఎంతయిందో మొదట్నుంచీ చెప్తాను, గట్టిగా.

అత్త